కథ వేసుకోకపోయినా సరే, జవాబు రాయండి

తెలుగు వార, మాస పత్రికల సంపాదకులకు, వెబ్ పత్రికలు నడుపుతున్నవారికి, ఉగాదికీ దీపావళికీ సంక్రాంతికీ కథల పోటీలు పెట్టే సాహితీ సంస్థలవారికి,

నమస్కారం.

మీ పోటీ ప్రకటనలు నేను ఒక్కటి కూడా వదలకుండా చదువుతాను. నిబంధనలు దాదాపు అన్నిట్లోనూ ఒకటే. కథ సొంతమై ఉండాలి. అనువాదమో అనుసరణో కాకూడదు. ఇదివరకు ఎక్కడా అచ్చయి ఉండకూడదు, ఇంకోచోట పరిశీలనలో ఉండకూడదు. హామీపత్రం జతచేయాలి. ఇన్ని పదాలు దాటకూడదు. ఇవన్నీ న్యాయమైనవే. చివర్న మాత్రం ఒక మాట ఉంటుంది: "ఎంపిక విషయంలో సంపాదకులదే తుది నిర్ణయం. ఉత్తర ప్రత్యుత్తరాలకు తావు లేదు." అందులో మొదటి వాక్యంతో నాకేమీ పేచీ లేదు. తుది నిర్ణయం మీదే అయి తీరాలి. ఆ రెండో వాక్యం తీసేయమని అడగడానికే ఈ ఉత్తరం.

నేనూ కొన్నాళ్ళు మీ పనే చేశాను. ఓ వారపత్రికలో సబ్ ఎడిటర్‌ని. ఇప్పుడా పత్రిక లేదు. కథల విభాగం చూసే పెద్దాయన దగ్గర నన్ను వేశారు. పొద్దున్నే టపా వచ్చేది. కవర్లు చింపి, తేదీ ముద్ర వేసి, రిజిస్టర్లో కథ పేరూ రచయిత పేరూ ఊరూ ఎక్కించి, తిరుగుటపా కవరు ఉందో లేదో చూసి, గుండుసూది గుచ్చి ఆయన బల్ల మీద పెట్టాలి. తెల్ల ఠావుల మీద మార్జిన్ గీసుకుని ముత్యాల్లా రాసినవాళ్ళు, పిల్లల నోటుబుక్కులోంచి చింపిన పేజీల మీద రెండువైపులా రాసినవాళ్ళు, కార్బన్ పెట్టి రాసి పై కాపీ తమ దగ్గర ఉంచుకుని మసక కాపీ మాకు పంపినవాళ్ళు, అందరూ ఉండేవాళ్ళు. మొదటి కథ అయితే కొన్నిసార్లు చూడగానే తెలిసిపోయేది. కాగితానికి నాలుగు మూలలా పసుపు పూసి, పైన 'శ్రీ' చుట్టి, పెళ్ళి శుభలేఖ పంపినట్టు పంపేవాళ్ళు.

వాటిలో చాలా భాగం వెనక్కి పోయేవే. అందుకోసం అరచెయ్యంత అచ్చు చీటీ ఒకటి ఉండేది. "మీ రచనను ప్రచురించలేకపోతున్నందుకు చింతిస్తున్నాం. ఇకముందు కూడా మీ సహకారం కోరుతున్నాం." పెద్దాయన ఆ చీటీ కింద మిగిలిన ఖాళీలో రెండు ముక్కలు రాసేవారు. అందరికీ రాసేవారు కాదు. కథలో ఎక్కడో ఒకచోట ప్రాణం కనిపిస్తే రాసేవారు.

ఒకటి నాకు బాగా గుర్తుంది. పొదుపు సంఘం మీద కథ. రాసినావిడ పల్లెటూళ్ళో మిషను కుట్టుకునే మనిషి అని తరవాత తెలిసింది. మొదటి పేజీన్నర సూర్యోదయం. తూరుపు ఎర్రబడింది, పక్షులు కిలకిలమన్నాయి, పల్లె ఒళ్ళు విరుచుకుంది, వాకిళ్ళలో ముగ్గులు పడ్డాయి. రెండో పేజీ మధ్యలో సంఘం మీటింగు మొదలవుతుంది. లోను కాగితం మీద వేలిముద్ర వెయ్యమని ఇంకు ప్యాడు ముందుకు తోస్తే, కొత్త కోడలు పక్కనే ఉందని ఒక అత్త చెయ్యి వెనక్కి లాక్కుని, "కళ్ళజోడు ఇంటికాడ మర్చిపోయొచ్చానమ్మా, రేపు వచ్చి సంతకం పెడతాలే" అంటుంది. ఆవిడకి అసలు కళ్ళజోడే లేదు. ప్రాణమున్నది ఈ నాలుగు వరసల్లోనే. మిగతా పేజీలన్నీ పొదుపు గొప్పతనం. పెద్దాయన చీటీ కింద రాసింది ఇది: "సూర్యోదయం కొట్టేయండి. కళ్ళజోడు దగ్గర మొదలుపెట్టండి. ఆ అత్త ఆ రాత్రి ఇంటికెళ్ళి ఏం చేసిందో మాకు చెప్పలేదు."

కొన్నాళ్ళకి కథ మళ్ళీ వచ్చింది. ఈసారి సూర్యోదయం లేదు. అత్త ఇంటికెళ్ళి, మనవడి పలక తీసుకుని, తన పేరు రాసి చూపించమని వాణ్ణి గుసగుసగా అడుగుతుంది. దాని మీద తను దిద్దుతూ ఉంటే కోడలు నీళ్ళ బిందెతో గుమ్మంలోకి వస్తుంది. బిందె దించేలోగా అత్త పలకని కొంగుతో తుడిచేస్తుంది. అంత బాగా వచ్చిన కథకి ఆఖర్న అక్షరాస్యత ఆవశ్యకత మీద ఒక పేరా. చీటీ మీద పెద్దాయన మళ్ళీ రాశారు: "చివరి పేరా మీరు చూసి రాసింది కాదు, ఎక్కడో చదివి రాసింది. అది లేకుండా పంపండి." మూడోసారి వచ్చినప్పుడు వేసుకున్నాం. పలక తుడిచెయ్యడంతో ఆగిపోయింది కథ. ఆవిడ ఆ తరవాత కూడా రాశారు, వేరే పత్రికల్లో కూడా ఆవిడ పేరు చూశాను.

ఆ రెండు చీటీల్లో పొగడ్త ఒక్క ముక్క లేదని మీరు గమనించే ఉంటారు. "బాగా రాశారు", "మంచి భవిష్యత్తు ఉంది" లాంటివేమీ లేవు. ఉన్నదల్లా తను రాసినదాన్ని ఇంకో మనిషి మొదట్నుంచి చివరిదాకా చదివాడన్న రుజువు. ఏ వరస దగ్గర ఆగాడో, ఏది దాటేశాడో, ఏం తెలుసుకోవాలనుకున్నాడో ఆవిడకి తెలిసింది. ఆ మూడూ తెలిస్తే రాసే మనిషి కుదురుగా కూర్చోలేడు. మళ్ళీ రాస్తాడు. రచయితల్ని సభల్లో అడుగుతూ ఉంటారు, మీకు ప్రేరణ ఎక్కణ్ణుంచి వస్తుందని. పుస్తకాల పేర్లు చెప్తారు, చిన్ననాటి ఊరు గురించి చెప్తారు. అవన్నీ నిజమే. కానీ మొదటి కథకి అవి సరిపోవచ్చు గానీ రెండో కథకి మాత్రం ఎవరో ఒకరు చదివారన్న నమ్మకం కావాలి. నేను చూసినంతలో చాలామంది ఆగిపోయింది మొదటికీ రెండోదానికీ మధ్యనే.

దీనికి సాహిత్య చరిత్రలో నాకు అన్నిటికంటే ఇష్టమైన సాక్ష్యం రష్యాలో ఉంది. 1886లో కథకుడు చెఖోవ్‌కి ఇరవయ్యారేళ్ళు. వైద్యం చేస్తూ, కుటుంబాన్ని పోషించడానికి హాస్యపత్రికలకి మారుపేరుతో చిన్న చిన్న కథలు రాసి పడేస్తున్నాడు. ఎన్ని రాశాడో తనకే లెక్క లేదు. ఆ ఏడాది మార్చిలో పీటర్స్‌బర్గ్ నుంచి ఉత్తరం వచ్చింది. రాసింది గ్రిగరోవిచ్, అప్పటికే అరవై దాటిన పేరున్న రచయిత. రాయమని అడిగినవాళ్ళెవరూ లేరు. నీ కథలు చదివాను, నీలో నిజమైన ప్రతిభ ఉంది, తొందరపడి రాయడం మానెయ్యి, అవసరమైతే మా కాలంలో మేమున్నట్టు పస్తులుండు గానీ అనుభవాల్ని దాచుకుని తీరిగ్గా రాయి, సొంత పేరు పెట్టుకో అన్నది సారాంశం. చెఖోవ్ జవాబులో ఉత్తరం పిడుగులా తాకిందని, దాదాపు కళ్ళనీళ్ళు వచ్చాయని రాశాడు. ఏ కథ మీదా ఒక్క రోజుకి మించి పనిచేసినట్టు గుర్తులేదని, మీకు నచ్చిన వేటగాడి కథని స్నానాలపాకలో కూర్చుని రాశానని కూడా చెప్పాడు. తన చుట్టూ ఉన్నవాళ్ళెవరూ తన రాతని పట్టించుకోలేదని, అందుకే తనూ పట్టించుకోలేదని ఆ ఉత్తరంలో ఉంది. ఆ తరవాత చెఖోవ్ ఏం రాశాడో మీకు నేను చెప్పక్కర్లేదు.

ఈ గ్రిగరోవిచ్ అంతకు నలభయ్యేళ్ళ ముందు, 1845లో, ఇంకో కుర్రాడితో కలిసి ఒకే ఇంట్లో అద్దెకుండేవాడు. ఆ కుర్రాడు మొదటి నవల పూర్తిచేసి చదివి వినిపిస్తే, రాతప్రతి తీసుకెళ్ళి కవీ సంపాదకుడూ అయిన నెక్రాసవ్ చేతిలో పెట్టాడు. ఇద్దరూ రాత్రంతా కూర్చుని చదివి, తెల్లవారుజామున నాలుగింటికి వెళ్ళి ఆ కుర్రాణ్ణి కౌగిలించుకున్నారు. ఆ కుర్రాడే తరవాత 'నేరము-శిక్ష' నవల రాసిన దొస్తయెవ్‌స్కీ. గ్రిగరోవిచ్ రాసిన నవలలు మన దగ్గర చదివినవాళ్ళు తక్కువే. అయినా ఒక మనిషి ఓపిగ్గా చదివి, తెలిసింది చెప్పడం వల్ల ఎంత జరగగలదో ఆయన పేరు తలుచుకున్నప్పుడల్లా అనిపిస్తుంది. సంపాదకుడి ఉద్యోగంలో ఉన్నవాళ్ళకి ఆయన ఫోటో ఒకటి బల్ల మీద పెట్టుకోదగ్గదని నా అభిప్రాయం.

మన దగ్గర ఇలాంటివాళ్ళు లేరా అంటే ఎందుకు లేరు? తెలంగాణలో కవులు పూజ్యం, అంటే సున్నా, అని ఎవరో రాస్తే, గోలకొండ పత్రిక నడుపుతున్న సురవరం ప్రతాపరెడ్డి వాదన పెట్టుకుని ఊరుకోలేదు. ఉన్నవాళ్ళని రాసి పంపమని పిలిచారు. నిజాం పాలనలో, బడిలో చదువు ఉర్దూలో సాగుతున్న రోజుల్లో, ఎక్కడెక్కడి పల్లెల నుంచో 354 మంది కవుల పద్యాలు పోగయ్యాయి. 1934లో గోలకొండ కవుల సంచికగా అచ్చువేశారు. అందులో అన్నీ గొప్ప పద్యాలని ఎవరూ అనరు. వాళ్ళలో ఎంతమంది అంతకుముందు తమ పద్యం ఇంకొకరు చదువుతారని అనుకుని ఉంటారు? పిలిచేవాడు ఒకడున్నాడని తెలిసింది, అంతే.

కాళీపట్నం రామారావు మాస్టారి సంగతి ఇంకా దగ్గరిది. విశాఖలో బడి పంతులుగా పనిచేస్తూ కథలు రాసి, తన రాత మీద తనకే తృప్తి లేక కొన్నేళ్ళు కలం పక్కన పెట్టేసిన మనిషి. మళ్ళీ పట్టుకున్నప్పుడు 'యజ్ఞం' లాంటి కథలొచ్చాయి. 1995లో సాహిత్య అకాడమీ బహుమతి వస్తే, రెండేళ్ళకి 1997లో శ్రీకాకుళంలో కథానిలయం పెట్టారు. తెలుగులో అచ్చయిన ప్రతి కథా ఒకచోట దొరకాలన్నది పట్టుదల. మంచి కథ, చెడ్డ కథ అని చూడలేదు. ఎవరు రాసినా ఆ కథకి ఒక బీరువాలో చోటుంది. కొత్తవాళ్ళ కథలు ఓపిగ్గా చదివి గంటల తరబడి మాట్లాడేవారని ఆయన్ని ఎరిగినవాళ్ళందరూ చెప్తారు. కథ ఎలా రాయాలో చెప్పడానికి 'కథాకథనం' అని ఒక పుస్తకం కూడా రాశారు. తనే అంత కష్టపడి నేర్చుకున్నవాడు కాబట్టి, నేర్చుకునేవాడికి ఏం కావాలో ఆయనకి తెలుసు. ఆయన 2021లో పోయారు. ఉత్తరాంధ్రలో ఇవాళ రాస్తున్న కొందరితో మాట్లాడితే మాస్టారు తమ కథలో ఏ వాక్యం పట్టుకున్నారో ఇప్పటికీ చెప్తారు.

ఇప్పటి పరిస్థితి మీకు నాకంటే బాగా తెలుసు. 1924లో మొదలైన సాహిత్య మాసపత్రిక భారతి 1991లో ఆగిపోయింది. కరోనా వచ్చాక ఏడాది రెండేళ్ళలో నవ్య వెళ్ళిపోయింది, విపుల, చతుర వెళ్ళిపోయాయి. ఉన్న పత్రికల్లో వారానికి ఒకటో రెండో కథలు. కాగితం ఖర్చు, ప్రకటనలు లేకపోవడం, ఇద్దరు చెయ్యాల్సిన పని ఒకరే చెయ్యడం, ఇవన్నీ నాకు తెలుసు. మీరు కథల పేజీ ఇంకా నిలబెట్టడమే పెద్ద సంగతి. ఏ లాభం చూసుకుని మీరీ పని చేస్తున్నారు? వెబ్ పత్రికలవాళ్ళయితే ఉద్యోగం చేసుకుని, ఇంటికొచ్చి, రాత్రుళ్ళు కూర్చుని ప్రూఫులు దిద్దుతారు. మీ మీద నేరం మోపడానికి నేను ఈ ఉత్తరం రాయడం లేదు.

రాసేవాళ్ళు మాత్రం తగ్గలేదు. వాళ్ళ కథలు ఇప్పుడు తిరుగుటపా కవర్లలో రావు, మెయిల్లో వస్తాయి, కొన్ని వాట్సాప్‌లో కూడా వస్తాయి. కవరు పోయినచోట చీటీ కూడా పోయింది. తిరుగుటపా కవరు రోజుల్లో ఏదో ఒక రోజు పోస్టుమేన్ తెచ్చి ఇచ్చేవాడు, వెనక్కొచ్చిందని బాధపడి, ఇంకో పత్రికకి పంపుకునేవాళ్ళు. ఇప్పుడు కథ పంపినవాడికి అందిందో లేదో తెలియదు. చదివారో లేదో తెలియదు. ఇంకోచోటికి పంపకూడదని హామీ ఇచ్చాడు కాబట్టి పంపలేడు. ఆర్నెల్లు చూసి, ఫోన్ చేస్తే విసుక్కుంటారేమోనని భయపడి, ఊరుకుంటాడు. అతని మొదటి కథ అలా మెయిల్లో ఉండిపోతుంది.

ఎవరి కథ వాళ్ళే పెట్టుకునే ప్రతిలిపి లాంటి యాప్‌లు ఈ ఖాళీలోకే వచ్చాయి. పొద్దున్న పెడితే సాయంత్రానికి పదిమంది చదువుతారు. అక్కడ రాస్తున్నవాళ్ళని చిన్నచూపు చూడటం నాకు ఇష్టం లేదు. అందులో ఇంటిపని అంతా ముగించుకుని రాత్రి పదిన్నరకి ఫోన్లో టైపు చేసే ఆడవాళ్ళు ఉన్నారు. వాళ్ళకి "సూపర్", "చాలా బాగుందండీ", "నెక్స్ట్ పార్ట్ ఎప్పుడు" అన్న మాటలు ఎంత బలమిస్తాయో నేను చూశాను. కానీ ఆ మాటలతో సూర్యోదయం ఎప్పటికీ కథలోంచి పోదు. కళ్ళజోడు దగ్గర మొదలుపెట్టండని చెప్పడానికి పది కథలు చదివిన కన్ను కావాలి, కొంత కటువుగా ఉండే చనువు కావాలి. అది మీ దగ్గరే ఉంది. అందుకే అడుగుతున్నాను.

"వందల కథలు వస్తాయి, అందరికీ ఎవరు రాస్తారు" అంటారు. అందరికీ అక్కర్లేదు. ఒక పోటీకి మూడొందల కథలు వచ్చాయనుకుందాం. మూడొందలమందికీ కావలసింది రెండే కబుర్లు. ఒకటి, మీ కథ అందింది. రెండు, తీసుకున్నాం లేదా తీసుకోలేదు, ఇక మీ కథ మీ ఇష్టం. ఇవి రెండూ ఎప్పుడో రాసి పెట్టుకుని పంపేవే, కొత్తగా కూర్చుని ఏమీ రాయాల్సిన పని లేదు. ఇక తొలి వడపోతలో నిలిచి బహుమతి దాకా రానివి నలభై ఉంటాయనుకుందాం. ఆ నలభైమందికి తలా రెండు వాక్యాలు రాయాలి. కథ అప్పటికే చదివేశారు. మనసులో ఉన్న కారణం కాగితం మీద పెట్టడమే. ఒక్కోదానికి అయిదు నిమిషాలు వేసుకున్నా మూడున్నర గంటల లోపు. ఒక పోటీకి ఒక ఆదివారం పూట.

నిజానికి ఆ వాక్యాలు అప్పటికే ఎక్కడో ఉంటాయి. న్యాయనిర్ణేతలు మార్కులు వేసుకుంటూ కథ పక్కన రాసుకుంటారు, "ముగింపు తేలిపోయింది" అనో, "పాత్ర మధ్యలో మారిపోయింది" అనో. ఫలితాలు ప్రకటించగానే ఆ కాగితాలు చించేస్తారు. వాటిని చించకుండా రచయితకి పంపమంటున్నాను. న్యాయనిర్ణేత పేరు చెప్పక్కర్లేదు. వాదన పెట్టుకుంటారని భయముంటే, ఈ సూచన మీద చర్చ ఉండదు అని ఒక మాట చేర్చండి, సరిపోతుంది. ఈమాట లాంటి వెబ్ పత్రిక 1998 నుంచీ నడుస్తోంది. రచనని సమీక్షకులకి చూపించి వాళ్ళ సూచనలు రచయితకి పంపే పద్ధతి అక్కడ ఉంది. జీతాలు తీసుకోకుండా పనిచేసేవాళ్ళకే ఇది కుదిరినప్పుడు ఇంకొకరికి కుదరదని నేను అనుకోను.

రాయడానికి చెయ్యి రాదంటారా, ఏం రాయాలో కొన్ని చెప్తాను. కథ ఎక్కడ మొదలైందో చెప్పండి. కొత్తవాళ్ళు కథకి ముందు రెండు పేజీలు నడుస్తారు, అది వాళ్ళకి కనిపించదు. మీకు బాగా గుర్తుండిపోయిన ఒక్క వాక్యమో దృశ్యమో ఏదో చెప్పండి. దాన్ని బట్టి తన బలం ఎక్కడుందో తనకి తెలుస్తుంది. ఎక్కడ నమ్మలేకపోయారో చెప్పండి. అంతే. "ఇంకా బాగా రాయాలి", "శైలి మెరుగుపరుచుకోండి", "విస్తృతంగా చదవండి" అని మాత్రం రాయొద్దు. వాటితో ఎవరూ ఏమీ చెయ్యలేరు.

మాండలికం గురించి ఒక మాట. శ్రీకాకుళం మాటలోనో, పాలమూరు మాటలోనో, రాయలసీమ మాటలోనో కథ వస్తే, "పాఠకులకి అర్థం కాదు, శిష్ట వ్యవహారంలోకి మార్చండి" అని చెప్పి పంపడం ఇంకా కొన్నిచోట్ల ఉంది. ఆ మాటతో వాళ్ళ రెండో కథ ఆగిపోవడం నేను కళ్ళారా చూశాను. ఆ భాషలోనే ఆలోచించే మనిషి మీకోసం పత్రికల భాషలోకి మారితే, ఆ తెలుగులో వాళ్ళమ్మ ఉండదు, పొలం ఉండదు. ఏదైనా మాట మరీ తెలియకపోతే ఆ వాక్యంలోనే తెలిసేలా ఎలా రాయొచ్చో అడగండి. అలా అడిగితే వాళ్ళు ఎంత చక్కగా చేసుకొస్తారో మీరే చూస్తారు.

అలాగే ఫాంటు. "అను ఫాంట్లలో పేజీమేకర్ ఫైలు పంపాలి" అనే నిబంధన, అంటే అచ్చుపనికి వాడే పాత పద్ధతిలోనే పంపమనడం, దయచేసి తీసేయండి. ఇవాళ రాసేవాళ్ళు ఫోన్లో, ఏ ఫోన్లోనైనా చదవగలిగే యూనికోడ్ తెలుగులో రాస్తున్నారు. కొంతమంది నోటితో చెప్పి టైపు చేయించుకుని తప్పులు దిద్దుకుంటున్నారు. మీకు కావలసిన ఫాంటులోకి మార్చడానికి వాళ్ళు డీటీపీ సెంటరుకి వెళ్ళి పేజీకి ఇంత అని డబ్బు కట్టాలి. ఆ మార్పిడి మీ దగ్గర కంప్యూటర్ మీద క్షణాల్లో అవుతుంది. చేత్తో రాసిన కాగితం ఫోటో తీసి పంపినా తీసుకునే పత్రిక ఒక్కటైనా ఉండాలని నా కోరిక. పొలం పని చేసి వచ్చి రాసేవాళ్ళ అక్షరం చదవడం కొంచెం కష్టమే. అయినా చదవాలి.

పోటీలు పెట్టే సంస్థలకి ఒక విన్నపం. బహుమతి మొత్తం ఏటా పెంచుతున్నారు, సంతోషం. రాసేవాళ్ళకి డబ్బు రావాలి. కానీ సభ ఖర్చులో, శాలువాలూ జ్ఞాపికలూ ఫ్లెక్సీలూ పూలదండల్లో కొంత తగ్గించి, చివరి దాకా వచ్చి బహుమతి రాని పదిమందిని ఒక రోజు పిలవండి. బస్సు ఛార్జీ ఇవ్వండి, మధ్యాహ్నం భోజనం పెట్టండి. వాళ్ళ కథలు ముందే జిరాక్సు తీయించి అందరికీ పంచండి. ఒక్కో కథ మీద ముప్పావుగంట మాట్లాడండి. వేదిక వద్దు, మైకు వద్దు, ముఖ్య అతిథి ప్రసంగం వద్దు. చాప మీద గుండ్రంగా కూర్చున్నా చాలు. అలా కూర్చున్న కొన్ని సమావేశాలకి నేను వెళ్ళాను. సాయంత్రం బస్సెక్కేటప్పుడు వాళ్ళు కథ మధ్యలో వాక్యాలు తిరగరాసుకుంటూ ఉంటారు. అలా వచ్చినవాళ్ళు ఊళ్ళకి వెళ్ళాక ఒకళ్ళకొకళ్ళు కథలు పంపుకుంటున్నారు. అచ్చుకి పంపే ముందే చదివి చెప్పే స్నేహితుడు దొరకడం రాసే మనిషికి ఎంత అదృష్టమో మీ అందరికీ అనుభవమే.

ఇన్ని అడిగాక, ప్రకటనలో వెయ్యడానికి పనికొచ్చేలా ఒక ముసాయిదా కూడా ఇస్తున్నాను. నచ్చితే ఇలాగే వేసుకోండి, మార్చుకున్నా సరే:

"కథ అందిన వారంలోగా అందినట్టు తెలియజేస్తాం. ఎంపిక విషయంలో తుది నిర్ణయం సంపాదకులది. తీసుకున్నదీ లేనిదీ మూడు నెలల్లో చెప్తాం. చెప్పకపోతే రచయిత ఆ కథను వేరేచోటికి పంపుకోవచ్చు. తుది పరిశీలన దాకా వచ్చిన కథలకు మా అభిప్రాయం రెండు వాక్యాల్లో రాస్తాం."

ఇంత చదివాక కూడా, మనుషులు లేరు, ఎవరు చదువుతారు అనే ప్రశ్న మిగులుతుంది. రిటైరైన తెలుగు మాస్టార్లు, పాత సబ్ ఎడిటర్లు, లైబ్రేరియన్లు ప్రతి జిల్లాలోనూ ఉన్నారు. కథలు చదవడం తెలిసినవాళ్ళు, తీరిక ఉన్నవాళ్ళు, మమ్మల్ని ఎవరూ అడగడం లేదని బాధపడేవాళ్ళు. వాళ్ళని అడగండి. నా మటుకు నేను సిద్ధంగా ఉన్నాను. పారితోషికం అక్కర్లేదు, పేరు వెయ్యక్కర్లేదు. రచయిత పేరు, ఊరు తీసేసి కథలు పాతికేసి చొప్పున పంపండి. అన్నీ చదివి, ఒక్కో కథకీ నాకు తోచింది రాసి పంపుతాను. అది రచయితకి పంపాలా వద్దా అన్నది మీ ఇష్టం. గడువు ముగిసిన వెంటనే పంపితే మేలు, ఫలితాల ముందు వారంలో హడావుడిగా చదివితే కథకి న్యాయం జరగదు. ప్రింటు తీసి పంపగలిగితే మరీ మంచిది, మార్జిన్లో రాయడానికి కాస్త చోటు వదిలి.

ఇట్లు,
మీ పత్రికల పాఠకురాలు,
ఒక పాత సబ్ ఎడిటర్